కట్ చెప్పిన తర్వాత

పోయిన వారం హరినాథ్ తన గదిలో కంప్యూటర్ ముందు కుర్చీలు సర్ది, కిటికీ మూసిన దగ్గర ఆగాం. చూడటానికి వచ్చింది క్యాథరిన్ టీచరు, ఆమె భర్త సంజీవరావు. హరినాథ్ దర్శకత్వంలో, అబిగయీలు కెమెరాతో తీసిన ‘తలంటు’ అనే పొట్టి సినిమాలో క్యాథరిన్‌దే ముఖ్యపాత్ర. చర్చిలో క్రిస్మస్ నాటికలు తప్ప ఆమెకు నటన కొత్త. కథ చిన్నది. ఏడాదిగా సరిగ్గా మాట్లాడుకోని భార్యాభర్తలు. భర్త చెయ్యి విరిగి పిండికట్టు పడుతుంది. తన తల తాను రుద్దుకోలేడు. భార్య కుంకుడు రసంతో అతనికి తలంటు పోస్తుంది. అంతే సినిమా. ఆ భర్త వేషం వేసింది గూడూరు నుంచి వచ్చిన నాటకాల పెంచలప్రసాద్.

చివరి షాట్‌లో ఏముందో హరినాథ్‌కూ అబిగయీలుకూ మాత్రమే తెలుసు. ముందే ఒక మాట చెబుదామని అబిగయీలు నోరు తెరిచింది. అప్పటికే హరినాథ్ బొమ్మ మొదలుపెట్టాడు.

* * *

ఆ గది కావలి ట్రంకు రోడ్డు మీద ఒక ఎరువుల కొట్టు పైన ఉంది. కింద బస్తాలు దించుతున్న చప్పుడు, యూరియా వాసన పైదాకా వస్తాయి. మధ్యాహ్నం కావడంతో కిటికీ మూసినా సందుల్లోంచి ఎండ గీతలుగా పడుతోంది.

అబిగయీలు పనితనం తెలిసినవాళ్ళు, పేర్లు చూడకుండానే ఇది ఆమె తీసిన సినిమా అని పోల్చుకుంటారు. ఆమె లైట్లు పెట్టదు. ఇంట్లో ఒక మంచి కిటికీ వెతుక్కుంటుంది. వెలుతురు చాలకపోతే ఎదురు గోడకు తెల్ల దుప్పటి కడుతుంది. వాడేది ఒకటే లెన్సు. మనిషి చెయ్యి చాపితే తగిలేటంత దగ్గరలో కెమెరా పెడుతుంది. మొహం మొత్తం చూపించడం అరుదు. మెడ వెనక చెమట, చెవి పక్కన నెరిసిన వెంట్రుకలు, గాజుల కింద తడి, ఇట్లాంటివే ఆమె చూపిస్తుంది. కెమెరా కదలదు, తొందరపడదు. పక్కింట్లోకి తొంగి చూసినట్టు ఉందని కొందరన్నారు. మన ఇంటిని మనమే చూసుకున్నట్టు ఉందని ఇంకొందరన్నారు.

ఇంకో అలవాటు కూడా ఉంది ఆమెకు. దాన్ని గురించి హరినాథ్‌కు తప్ప ఎవరికీ తెలియదు. దర్శకుడు కట్ చెప్పిన తర్వాత ఆమె కెమెరా ఆపదు.

కావలిలో పెళ్ళి వీడియోలు తీసే రోజుల్లో అబ్బింది ఈ అలవాటు. ఫోటోగ్రాఫరు "అయిపోయిందమ్మా" అని కెమెరా దించగానే పెళ్ళికూతురి మొహం మారిపోవడం ఆమె ఎన్నోసార్లు చూసింది. అప్పటిదాకా బిగబట్టుకున్న నవ్వు జారిపోతుంది. కళ్ళు ఎవరినో వెతుక్కుంటాయి. నిజమైన మొహం అప్పుడు వస్తుందని అబిగయీలు గ్రహించింది. ఆమె తీసిన సినిమాల్లో అందరూ మెచ్చుకున్న ఘట్టాలు చాలావరకు కట్ చెప్పిన తర్వాతివే.

తెర మీద క్యాథరిన్ చేతులు కుంకుడుకాయలు చితక్కొట్టాయి. పిక్కలు ఏరి పారేసి, వేడినీళ్ళలో పిసికాయి. నురగ లేచింది. పెంచలప్రసాద్ పీట మీద కూర్చుని, కట్టు తడవకుండా చెయ్యి పక్కకు చాపి తల వంచాడు. ఆమె మొదటి చెంబు పోసింది.

సంజీవరావు మొదట్లో నవ్వుతూ చూశాడు. బిట్రగుంటలో గూడ్స్ రైలు డ్రైవరతను. యాభై దాటాయి. మనిషి మంచివాడనే పేరుంది.

"అబ్బో, ఏం రుద్దుతా ఉందయ్యా!" అన్నాడు హరినాథ్ వైపు తిరిగి. "పాపం ఆయన నెత్తిన వెంట్రుకలు మిగిలినాయా?"

"ఊరుకోండి" అని క్యాథరిన్ కొంగు నోటికి అడ్డం పెట్టుకుని నవ్వింది.

కాసేపటికి అతని నవ్వు ఆగిపోయింది. తెర మీద ఆమె వేళ్ళు ఆ పరాయి మనిషి చెవి వెనక నురగను మెల్లగా తీస్తున్నాయి. నీళ్ళు కళ్ళల్లోకి పోకుండా రెండో చెయ్యి నుదుటికి అడ్డం పెట్టింది. ఎవరూ చెప్పకుండానే అట్లా పెట్టినట్టుంది. సంజీవరావు కుర్చీలో ముందుకు జరిగాడు.

ఆఖరి చెంబు పోయడం అయింది. పెంచలప్రసాద్ కళ్ళు మూసుకుని, నీళ్ళు కారుతూ అట్లాగే కూర్చుని ఉన్నాడు. క్యాథరిన్ చెంబు కింద పెట్టి లేచింది. ఇక్కడ సినిమాలో మొదటిసారి ఆమె మొహం పూర్తిగా కిటికీ వెలుతురులోకి వచ్చింది. నురగ చేతులు ఎక్కడ తుడుచుకోవాలో తెలియనట్టు చూసింది. ముంజెయ్యి కళ్ళకు అడ్డం పెట్టుకుంది. భుజాలు కదిలాయి. చప్పుడు లేదు. చెయ్యి తీసినప్పుడు మొహమంతా తడిగా ఉంది. పెదాలు విడివడుతుండగా తెర నల్లబడింది.

"కుంకుడు రసం కళ్ళల్లో చిందినట్టుంది" అన్నాడు సంజీవరావు.

అతను భార్యను అడుగుతున్నాడని అందరికీ అర్థమైంది. అవునండీ అని ఆమె ఒక్క మాట అనుంటే ఆ మధ్యాహ్నం అక్కడితో సర్దుకునేది. అబిగయీలు మనసులో ఆ మాటే కోరుకుంది.

"లేదండీ. ఏడ్చినా" అన్నది క్యాథరిన్.

"సినిమాకోసమేగా?"

"కాదు. అప్పటికి సినిమా అయిపోయింది. ఈయన కట్ చెప్పేసినాడు. అప్పుడు ఏడ్చినా."

"ఏంటికి?"

"ఊరికే వచ్చింది."

"ఊరికే ఎవురికన్నా వస్తాదా?"

"ఇంటికి పోయి మాట్లాడుకుందాం, రాండి."

"ఇంట్లో మనం మాట్లాడుకోని ఎన్నాళ్ళయింది?" అన్నాడు సంజీవరావు.

ఆ మాట తన నోట్లోంచి వస్తుందని అతనూ అనుకున్నట్టు లేదు. ఒకసారి హరినాథ్‌నీ అబిగయీలునూ చూసి లేచాడు. "కింద బండి దగ్గర ఉంటా" అని చెప్పి, చెప్పులు వేసుకుని మెట్లు దిగిపోయాడు. కోపంగా పోలేదు. తలుపు కూడా మెల్లగానే వేశాడు.

క్యాథరిన్ కుర్చీ తిప్పుకుని అబిగయీలుకు ఎదురుగా కూర్చుంది. ఇద్దరూ బిట్రగుంట రైల్వే కాలనీ వాళ్ళే. ఒకే చర్చి. అబిగయీలు ఆమెను చిన్నప్పటి నుంచీ అక్కా అని పిలుస్తుంది. ఈ సినిమాకు ఆమెను ఒప్పించింది కూడా తనే.

"అబిగయీలూ, కెమెరా మీద ఎర్ర లైటు వెలగతా ఉంటే తీస్తా ఉన్నట్టు అని మొదటిరోజు నువ్వే చెప్పినావు. అవునా?"

"చెప్పినానక్కా."

"నేను ఆ పొద్దు లైటు చూసినా. వెలగలా. చూసినాకే ఏడ్చినా."

అబిగయీలు తల వంచుకుంది. "దానికి నల్ల టేపు అంటిస్తానక్కా. ఆఖరి టేకులకు."

"అంటే కావాలనే?"

"కావాలనే."

"ఏంటికట్లా?"

"లైటు ఆరిపోయిందనుకుంటే మనిషి మొహం మారతాది. నాకు కావాల్సింది ఆ మొహం."

"అడిగి తీసుకోకూడదా?"

"అడిగితే రాదక్కా."

"అడిగితే ఇవ్వని వస్తువు అడక్కుండా తీసుకుంటే దాన్ని ఏమంటారో బళ్ళో పిల్లకాయలకు రోజూ చెబుతా ఉంటా నేను" అన్నది క్యాథరిన్. గొంతు పెంచలేదు. "అంతా అయినాక తువ్వాలు తెచ్చిచ్చింది నువ్వే. బాగా చేసినారక్కా అన్నావు. నా మొహాన్ని చూసి అన్నావా, కెమెరాలో పడిన మొహాన్ని తలుచుకోని అన్నావా?"

ఆ రోజు తువ్వాలు ఇస్తున్నప్పుడు అబిగయీలు నిజంగా ఆలోచించింది కిటికీ వెలుతురు గురించే. మబ్బు రాకముందే షాట్ పూర్తయినందుకు సంతోషపడింది కూడా.

హరినాథ్ కల్పించుకున్నాడు. "మేడం, మీరు ఒప్పుకున్నారు కదా సినిమాకు. తీసిందాంట్లో ఏది ఉంచాల, ఏది తియ్యాల అనేది మాకు వదిలెయ్యాల."

"నటించేదానికి ఒప్పుకున్నా నాయనా. కట్ చెప్పినాక నేను నీ సినిమాలో లేను. నా బతుకులో ఉండా. ఆ ముక్క తీసెయ్యండి."

"అది తీసేస్తే మిగిలేది కుంకుడుకాయల ప్రకటన మేడం."

"అయితే కుంకుడుకాయలే అమ్ముకో."

ఆమె లేచి బ్యాగు భుజాన వేసుకుంది. తలుపు దగ్గర ఆగి, అబిగయీలును చూసి దిగిపోయింది. కాసేపటికి కింద స్కూటరు స్టార్టయిన చప్పుడు వినిపించింది.

* * *

"తీసెయ్ హరీ" అన్నది అబిగయీలు.

హరినాథ్ కిటికీ తెరిచాడు. వెలుతురు గదిలోకి ఒక్కసారిగా వచ్చింది. అతను చాలాసేపు రోడ్డు వైపే చూస్తూ నిలబడ్డాడు. కావలి పక్క పల్లెలో వరి పండించే కుటుంబం అతనిది. పొలం చూసుకోమని తండ్రి చెప్పి చెప్పి విసిగి, ఇప్పుడు చెప్పడం మానేశాడు.

"తీసేసేదానికి కుదరదు" అన్నాడు చివరికి. "పంపించేసినా."

"ఏడికి?"

"కేరళలో పొట్టి సినిమాల పండగ ఒకటి ఉంది గదా. వాళ్ళు తీసుకున్నారు. ఈ శనివారం వేస్తా ఉండారు. ఆమె చూసినాక మీకందరికీ ఒకేసారి చెబుదామనుకున్నా."

"ఆమె చూడకముందే పంపినావా? నాకు కూడా చెప్పకుండా?"

"నువ్వు చెప్పి తీసినావా?"

ఆ మాట గట్టిగా తగిలింది. హరినాథ్‌కు కూడా అది తెలిసింది. కుర్చీ లాక్కుని ఆమె ఎదురుగా కూర్చున్నాడు.

"అబీ, నీతో పోట్లాడే ఓపిక లేదు నాకు. నిజం చెబుతా విను. వాళ్ళు మెచ్చుకున్నది కథను కాదు. కథలో ఏముంది? ఆ చివరి షాట్ చూసి తీసుకున్నారు. వాళ్ళు రాసిన నాలుగు వాక్యాలూ కెమెరా గురించే. ఈ సినిమాలో నేను చేసిందల్లా కట్ అనడం. సినిమా తీసింది నువ్వు. ఇప్పుడొచ్చి నన్ను దొంగను చేస్తే ఎట్లా?"

"నిన్ను అనడంలా. ఇద్దరినీ అంటా ఉండా."

"అయితే ఇద్దరం పోయి ఆమె కాళ్ళు పట్టుకుందాం. శనివారం అయినాక."

"ముందు వెనక్కు తెప్పించు. ఆ తర్వాత ఏమైనా."

అతను ఒప్పుకోలేదు. ఆమె కూడా తగ్గలేదు. చివరికి అబిగయీలు హెల్మెట్ తీసుకుని బిట్రగుంటకు బయల్దేరింది. దారి పొడవునా ఆమెను వేధించింది పండగ సంగతి కాదు, ఇంకొకటి. ఆ షాట్ నిజానికి తెర నల్లబడిన చోట ఆగలేదు. కెమెరా ఆ తర్వాత కూడా తిరిగింది. క్యాథరిన్ పైట మడతలో పెట్టిన చిన్న మైకు కూడా పనిచేస్తూనే ఉంది. అందులో ఆమె పెంచలప్రసాద్‌తో అన్న మాటలు అబిగయీలు ఒక్కతే విన్నది. విని, అక్కడికి ముందే షాట్‌ను ముగించమని గుర్తుపెట్టి హరినాథ్‌కు ఇచ్చింది. ఆ మాత్రం మర్యాద పాటించానని ఇన్నాళ్ళూ తనకు తాను చెప్పుకుంటూ వచ్చింది.

* * *

మర్నాడు ఉదయం సంజీవరావు ఆమె ఇంటికి వచ్చాడు. కాలనీలో రెండు వీధుల అవతలే అతని క్వార్టర్సు. గడ్డం గీసుకోలేదు.

"రాండన్నా" అని కుర్చీ వేసింది.

"టీ ఏమీ వద్దమ్మా. ఆ చివరి ముక్క ఒక్కటి మళ్ళీ చూపిస్తావా?"

"అక్కకు తెలుసా మీరు వచ్చినట్టు?"

"తెలీదు. రాత్రి మేము మాట్లాడుకోలా."

అతను నిన్న చూసిందే కదా అనుకుని ఆమె లాప్‌టాప్ తెరిచింది. సంజీవరావు కళ్ళజోడు పెట్టుకుని, మోకాళ్ళ మీద చేతులాన్చి చూశాడు. అయిపోగానే మళ్ళీ వెయ్యమన్నాడు. మూడోసారి మధ్యలో ఆపమన్నాడు. క్యాథరిన్ ముంజెయ్యి కళ్ళకు అడ్డం పెట్టుకున్న చోట బొమ్మ ఆగింది.

"చేతి మీద ఆ మచ్చ ఏంది?"

"నూనె చిందిందంటన్నా. పోయిన క్రిస్మస్‌కు కజ్జికాయలు కాలస్తా ఉంటే. షాట్‌లో కనపడతా ఉందని నేను అడిగినా."

"పోయిన క్రిస్మస్‌కు నేను ఇంట్లోనే ఉండా."

అతను ఆ మచ్చకు ఇంకొంచెం దగ్గరగా వంగాడు.

"ఇంజన్లో కూర్చుంటే మంచులో కూడా సిగ్నల్ రంగు అంత దూరం నుంచి చెబుతా" అన్నాడు. "కజ్జికాయలు తిన్నది గుర్తుండాది. మచ్చ చూళ్ళేదు."

అతను కళ్ళజోడు తీసి చొక్కా అంచుతో తుడుచుకున్నాడు. మళ్ళీ పెట్టుకుని ఆ బొమ్మను ఇంకోసారి చివరిదాకా నడిపించమన్నాడు. ఈసారి తెర నల్లబడే చోట వేలు పెట్టి చూపించాడు.

"ఇక్కడ పెదాలు తెరిచింది. ఏదో చెప్పబోయింది. ఇంకా ఉందా?"

అబద్ధం చెప్పొచ్చు. లేదన్నా, అక్కడితో ఆపేశాను అంటే నమ్మేవాడు. కానీ నిన్నటి తర్వాత ఇంకో అబద్ధం మోయడం ఆమెకు ఇష్టం లేకపోయింది.

"ఉందన్నా."

"ఏమనింది?"

"అది నేను చెప్పకూడదు."

"అయితే పెట్టు. నేనే వింటా."

"అక్క ఒప్పుకోకుండా పెట్టలేను."

"నా పెళ్ళాం మాట నేను వినకూడదా?"

"ఆమె చెబితే వినొచ్చు. ఆమెను అడగండన్నా."

"అడిగితే చెప్పే మనిషైతే నీ దగ్గరికి ఏంటికొస్తాను?"

అబిగయీలు లాప్‌టాప్ మూసేసింది. చేతులు దాని మీద పెట్టుకుని కూర్చుంది. సంజీవరావు ఆ చేతులను చూశాడు, ఆమెను చూశాడు.

"నువ్వు వినొచ్చు. నేను వినకూడదు" అన్నాడు. "సరేలేమ్మా."

లేచి, గుమ్మం దాటి, స్కూటరు తీసుకుని వెళ్ళిపోయాడు. స్కూటరు ఇంటివైపు కాకుండా కావలి రోడ్డు వైపు తిరగడం ఆమె గమనించింది. ఏదో పనుండి పోతున్నాడనుకుంది.

* * *

క్యాథరిన్ పనిచేసే బడి తుమ్మలపెంట దగ్గర సముద్రం ఒడ్డున ఉన్న ఒక జాలర్ల పల్లెలో, పట్టపుపాలెంలో ఉంది. అబిగయీలు వెళ్ళేసరికి పిల్లలు మధ్యాహ్నం అన్నాలు తింటున్నారు. క్యాథరిన్ ఆమెను చూసి, ఇంకో టీచరుకు చెప్పి బయటికి వచ్చింది. ఇద్దరూ బడి వెనక సరుగుడు తోపులోకి నడిచారు. ఎదురుగా ఒడ్డున పడవలు వరసగా ఉన్నాయి. గాలి గట్టిగా వీస్తోంది.

అబిగయీలు జేబులోంచి చిన్న మెమరీ కార్డు తీసి ఆమె చేతిలో పెట్టింది.

"ఇది ఏంది?"

"ఆ షాట్ మొత్తం దీంట్లో ఉండాదక్కా. నిన్న చూపించింది సగమే. మీరు ప్రసాద్ గారితో అన్న మాటలు కూడా పడినాయి."

క్యాథరిన్ కార్డును వేళ్ళ మధ్య పట్టుకుని సముద్రం వైపు చూసింది.

"ఎవురు విన్నారు?"

"నేను ఒక్కదాన్నే. పొద్దున అన్న వచ్చి అడిగినాడు. పెట్టలా."

"ఆయన వచ్చినాడా?"

"చేతి మీద మచ్చ గురించి అడిగినాడు."

క్యాథరిన్ అనుకోకుండా ముంజెయ్యి తడుముకుంది. సరుగుడు ఆకుల మీద కూర్చుంది. అబిగయీలు కూడా పక్కన కూర్చుంది.

"ఏమన్నానో గుర్తుండాది నాకు" అన్నది క్యాథరిన్. "షూటింగుకు ముందు రోజు రాత్రి ఆయన బండి టైముకు రాలా. ఫోను కలవలా. ఏమన్నా అయిందేమో అనుకున్నా. అనుకోని, దుప్పటి కప్పుకోని నిద్రపోయినా. పొద్దున లేచి చూస్తే పక్కన గురక పెడతా ఉండాడు. పెళ్ళయిన కొత్తల్లో బండి కొంచెం ఆలస్యమైతే చాలు, స్టేషన్ దాకా నడిచిపోయి బల్ల మీద కూర్చునేదాన్ని. అట్లాంటిదాన్ని, మనిషి ఉండాడో లేడో తెలీకుండా నిద్ర పట్టింది నాకు. తెల్లారి ఆ ప్రసాద్ గారి తల రుద్దతా ఉంటే, ఈ చేతులు ఆయన తలను ముట్టుకోని ఎన్నేళ్ళయిందో అనిపించింది. అంతే, ఆగలా."

"ప్రసాద్ గారికి ఏంటికి చెప్పినారక్కా?"

"ఆయన కళ్ళు మూసుకోని ఉండాడు. సాయంత్రం బండికి గూడూరు పోతాడు. ఇంకెవురికి చెప్పుకునేది? చర్చిలో చెప్పేదా?"

పడవల దగ్గర ఎవరో వల దులుపుతున్నారు. ఇసుక గాలిలోకి లేస్తోంది.

"తప్పు చేసినానక్కా" అన్నది అబిగయీలు. "ఇకమీదట ఆ టేపు వెయ్యను."

క్యాథరిన్ కార్డును వేళ్ళతో తిప్పుతూ, "బాగుందా ఆ షాట్?" అని అడిగింది.

అబిగయీలు ఆలోచించి నిజమే చెప్పింది. "నేను తీసినవాటిల్లో అంతకంటే మంచిది లేదు."

"నాకూ అట్లానే అనిపించింది. ఆ తెర మీద ఉండేది నేనేనా అనుకున్నా. అందుకే కోపం ఎక్కువొచ్చింది." చీర కుచ్చిళ్ళ మీద ఇసుక దులుపుకుంది. "ఈ మాట ఆయనకు చెప్పాల. నేనే చెప్పాల, నా నోటితో. ఈ పొద్దు సాయంత్రం ఇంటికి పోయి కూర్చోబెట్టి చెబుతా. విని తిడతాడో, లేచి పోతాడో. అదంతా అయినాక ఆ ముక్క ఉంచాలో తియ్యాలో మేమిద్దరం నీకు చెబుతాం. అప్పటిదాకా ఎవురూ చూడకూడదు."

శనివారం సంగతి చెప్పక తప్పదు. అబిగయీలు చెప్పింది. హరినాథ్ ముందే పంపిన సంగతి, కేరళవాళ్ళు తీసుకున్న సంగతి, అన్నీ చెప్పింది. క్యాథరిన్ కోపంతో లేస్తుందనుకుంది. లేవలేదు. కార్డును చూపించి, "ఈ మాటలున్న ముక్క దాంట్లో లేదు కదా?" అని మాత్రం అడిగింది.

"లేదక్కా. అది వేరే."

"ఈ కార్డులో తప్ప ఇంకెక్కడన్నా ఉందా?"

"నా లాప్‌టాప్‌లోది తుడిచేసినా. హరి దగ్గర డిస్కులో ఉండాది. నేను గుర్తుపెట్టిచ్చిన చోటు దాటి అతను ఎప్పుడూ వినడు. ఇప్పుడే పోయి తుడిచేస్తా."

లేచి బండి తాళాలు తీస్తుండగా ఫోను మోగింది. హరినాథ్. గాలి హోరుకు మాట వినపడకపోవడంతో ఆమె స్పీకరు పెట్టింది.

"అబీ, షాట్ మొత్తం విన్నా" అన్నాడు. అతని గొంతులో నిన్నటి పట్టుదల లేదు. "నాకు ఏంటికి చెప్పలా?"

"ఎవురు చెప్పినారు నీకు? హరీ, దాన్ని ముట్టుకోవద్దు. సంజీవరావు అన్నకు..."

"ఆయనే వచ్చినాడు అబీ. పొద్దున నీ దగ్గర్నుంచి నేరుగా ఇక్కడికే. మధ్యాహ్నం నేను వచ్చి తాళం తీసేదాకా మెట్ల మీదే కూర్చోని ఉండాడు. ఇంకా ఉందంట కదా, పెట్టు అన్నాడు. దాంట్లో ఏముందో నాకు తెలీదు. వెతికి పెట్టినా. ఇద్దరం కూర్చోని విన్నాం."

క్యాథరిన్ చెయ్యి చాపి ఫోను తీసుకుంది. "విని ఏమన్నాడు?"

"మేడం... మీరక్కడే ఉండారా? ఏమీ అనలేదు మేడం. కాసేపు అట్లానే కూర్చున్నాడు. మంచినీళ్ళు అడిగి తాగినాడు. డ్యూటీకి టైమైంది, బండెక్కాల అని చెప్పి పోయినాడు. ఇప్పుడే, పావుగంట కాలా."

క్యాథరిన్ ఫోను చెవి దగ్గరనుంచి దించింది. అబిగయీలును చూసింది.

"ఈ పొద్దు ఆయనకు డ్యూటీ లేదు" అన్నది.